గీయని మెట్టు

పోయిన వారం మనం అక్కని గోడౌను తలుపు వెనకాల, చేతిలో టీ ఫ్లాస్కుతో, ఊపిరి బిగబట్టి నిలబెట్టి వచ్చేశాం. లోపల బాబాయి గొంతు తగ్గించి చెల్లెలితో అన్న మాట ఆమె చెవిన పడింది. "ఎవర్నైనా నడిపించుకో. పెద్దదాన్ని మాత్రం ఆ గీతల్లోకి రానివ్వకు. నాకు మాటియ్యి." చెల్లెలు సరేనంది. ఎందుకని మాత్రం అడగలేదు. అక్కకి ఒళ్లు మండింది అక్కడే. చిన్నప్పుడు మందు తాగమంటే సీసా మీద ఏం రాసుందో చదివి వినిపించేదాకా నోరు తెరవని పిల్ల, ఇవాళ కారణం అడక్కుండా మాటిచ్చేసిందంటే నమ్మడానికి అక్క చెవిలో పువ్వు పెట్టుకుని లేదు.

కొత్తగా కథలోకి వచ్చినవాళ్లు కంగారు పడక్కర్లేదు, సంగతి చిన్నదే. ఇరవై రెండేళ్ల కింద ఈ అక్కచెల్లెళ్ల నాన్నకి ఒక అచ్చాఫీసు ఉండేది. ఒక సాయంత్రం వెనకవైపు కాగితాల గది అంటుకుని ఆయన పోయాడు. సిగరెట్టు కాలుస్తూ కునుకు తీశాడు, తన చావు తనే తెచ్చుకున్నాడు అని అందరూ అన్నారు. అమ్మా అదే అంది. అప్పటికి చెల్లెలికి ఐదేళ్లు, అక్కకి పన్నెండు. ఆ రోజు అక్కకి నూటమూడు జ్వరం. అమ్మ ఇల్లు కదలకుండా పక్కనే కూర్చుని నుదుటి మీద తడిగుడ్డ వేస్తూ ఉండిపోయింది. అన్నతో గొడవపడి రెండు నెలల ముందే ఊరు వదిలి వెళ్లిన బాబాయి, కబురు తెలిసి మర్నాడు పొద్దున వచ్చాడు. వచ్చినవాడు మళ్లీ వెళ్లలేదు. పెళ్లీ పెటాకులూ అనుకోకుండా ఈ పిల్లలిద్దరినీ పెంచాడు. అక్క చేతికి దబ్బనమూ దారమూ ఇచ్చి పుస్తకం కుట్టడం నేర్పిందీ ఆయనే, ఇవాళ ఆమె నడుపుతున్న బైండింగు షాపుకి మొదటి బల్ల మోసుకొచ్చిందీ ఆయనే. నాన్న ఎలా ఉంటాడో అక్క మర్చిపోయింది. నాన్న అంటే ఆమెకి బాబాయి మొహమే గుర్తొస్తుంది.

ఇక చెల్లెలు. ఆమె సినిమాలు తీస్తుంది. మనం చూసే రకం కాదులెండి. ఏదైనా ఒక చోటు కూలిపోయాకో, మారిపోయాకో ఆమె దాని మీద సినిమా తీస్తుంది. పాత ఫొటోలు చూపించదు. ఎవర్నీ కుర్చీలో కూర్చోబెట్టి 'ఆ రోజుల్లో' అని మాట్లాడించదు. ఖాళీ జాగా ఒకటి చూసుకుని, నేల మీద సుద్దముక్కతో ఆ చోటుని అసలు కొలతల్లో గీస్తుంది. గోడలూ గుమ్మాలూ గీస్తుంది, అంతే. అక్కడ బతికినవాళ్లని ఒక్కొక్కరినే పిలిచి, చెప్పులు విప్పించి, కళ్లు మూసుకుని నడవమంటుంది. కెమెరా చీలమండల ఎత్తులో ఉంటుంది. నడిచే మనిషి తనంతట తను ఎక్కడ ఆగిపోతే అక్కడ ఆ పాదాల చుట్టూ రంగు సుద్దతో గీత గీస్తుంది. ఒక్కొక్కరికి ఒక్కో రంగు. ఈసారి ఈ గోడౌను నేల మీద ఆమె గీసింది నాన్న అచ్చాఫీసుని.

"డబ్బులిచ్చి టిక్కెట్టు కొన్నవాడికి ఒక్క మొహం కూడా చూపించవుటే?" అని అక్క మొదటి రోజే అడిగింది.

"మొహానికి అబద్ధమాడ్డం వచ్చక్కా. కాళ్లకి ఎవరూ నేర్పలేదు," అంది చెల్లెలు. "గది కూలిపోయిందని తలకి తెలుసు. కాళ్లకి తెలీదు. అవి ఇంకా అక్కడే తిరుగుతుంటాయి."

చదువు ఎక్కువైతే మాటలు ఇలాగే వస్తాయని అక్క నవ్వుకుంది. కానీ పదిరోజుల కింద అచ్చాఫీసులో కంపోజింగు చేసిన ముసలాయన, అందరూ సీసంతాత అని పిలిచేవాడు, వచ్చి నడిచినప్పుడు ఆ నవ్వు కాస్త తగ్గింది. తాత కాగితాల గది గుమ్మం దాకా వచ్చి, తల వంచి, కుడికాలు జానెడు పైకెత్తి అడుగేశాడు. అక్కడ మెట్టు లేదు, గీతే ఉంది. కాలు దబ్బున నేల మీద పడింది. తాత కళ్లు తెరిచి తనే సిగ్గుపడ్డాడు. కాగితానికి చెమ్మ తగలకూడదని మీ నాన్న ఆ గది నేల జానెడు లేపించాడమ్మా, నేల లేచేసరికి గుమ్మం పొట్టిదైపోయింది, తల వంచకపోతే బొప్పే అని చెప్పాడు. చెల్లెలు ఎత్తులు గీయకపోవడంలో కిటుకు అదే. మెట్టు గీస్తే ఎవడైనా ఎక్కుతాడు. గీయని మెట్టు ఎక్కాలంటే ఒకప్పుడు ఎక్కి ఉండాలి.

మర్నాడు అమ్మ నడిచింది. కాగితాల గది గుమ్మానికి ఎడంపక్క రెండడుగుల దూరంలో ఆగిపోయి, ఇక నా వల్ల కాదంది. మొగుడు పోయిన చోటు, కాళ్లు ఎలా ఆడతాయిలే అనుకున్నారు అందరూ. చెల్లెలు పసుపు సుద్దతో అమ్మ పాదాల చుట్టూ గీసి, అమ్మని బయటికి తీసుకెళ్లి కూర్చోబెట్టింది. అమ్మ ఎడమకాలి చిటికెనవేలు పక్కవేలి మీదకి ఎక్కి ఉంటుంది. గీతలో అది కూడా చక్కగా పడింది.

అక్క మాత్రం నడవలేదు. షాపులో పని ఉందని ఒకరోజు, మోకాలు నొప్పని ఒకరోజు తప్పించుకుంది. నిజానికి ఆమెకి ఇష్టం లేదు, అంతే. ఇప్పుడు బాబాయి వద్దన్నాడని తెలిశాక, ఇష్టం లేకపోవడం పోయి అనుమానం వచ్చి కూర్చుంది.

ఇవాళ బాబాయి వంతు. మధ్యాహ్నం పన్నెండు, రేకుల కప్పు కింద గోడౌను పెనంలా కాలుతోంది. చెల్లెలు నేల మీద పొట్ట ఆనించి పడుకుని కెమెరా సర్దుకుంటోంది. గోడౌనులో నాలుగు ఇనుప స్తంభాలున్నాయి. కళ్లు మూసుకున్న మనిషి వాటికి గుద్దుకోకుండా పక్కన నడిచి చూసుకోవడం అక్క ఉద్యోగం. జీతం లేదు, టీ కూడా తనే తేవాలి.

నడక ముందు చెల్లెలు అందరినీ ఒక్క ప్రశ్న అడుగుతుంది. బాబాయినీ అడిగింది. "ఇందులో నువ్వు తిరిగిన గదులేవి, తిరగనివేవి బాబాయ్?"

"కాగితాల గది తప్ప అన్నీ తిరిగాను," అన్నాడు బాబాయి. "అది నేను వెళ్లిపోయాక కట్టింది కదా. నేనొచ్చేసరికి బూడిదే. గోడలు కూడా లేవు. ఆ గదిని నేను కళ్లతో చూడలేదు."

చెప్పి, చెప్పులు విడిచి, కళ్లు మూసుకున్నాడు.

అరవయ్యేళ్ల మనిషి, ఆరడుగులు దాటిన పొడుగు, అడుగు మాత్రం పిల్లిలా వేస్తాడు. వీధి గుమ్మం దాటాడు. కౌంటరు ఉండే చోట ఒక పక్కకి ఒరిగి నడిచాడు. మిషను ఉండే చోట దూరంగా జరిగి, దాని చక్రానికి చొక్కా తగలకుండా పొట్ట లోపలికి లాగాడు. అక్కకి నవ్వొచ్చింది, ఆపుకుంది. సీసం అక్షరాల అరల దగ్గర ఒకసారి ఆగి, చెల్లెలు ఎర్ర సుద్దతో గీసిన రెండు పాదాలు అక్కడ మిగిల్చి ముందుకి కదిలాడు.

"ఇంకా వెనక్కి వెళ్లు బాబాయ్," అంది చెల్లెలు నేల మీద నుంచి. "ఆగాలనిపించినప్పుడు ఆగు."

బాబాయి వెళ్లాడు. కాగితాల గది గుమ్మం గీత ముందుకి వచ్చాడు. ఇక్కడ ఆగిపోతాడు, చూడని గది కదా అనుకుంది అక్క. ఆయన ఆగలేదు. తల వంచాడు. కుడికాలు జానెడు పైకెత్తాడు. ఆ కాలు లేని మెట్టు మీద ఆనబోయి, ఆనక, దబ్బున నేల మీద పడింది. మనిషి ముందుకి తూలాడు. అక్క ఆయన మోచెయ్యి పట్టుకుంది. చర్మం చల్లగా ఉంది, అంత ఎండలో.

గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నాడని సామెత. ఇక్కడ భుజాల దాకా రాకుండా పాదాలే తడుముకున్నాయి.

చెల్లెలు లేచి, మోకాళ్ల సుద్ద దులుపుకుని, ఎర్ర సుద్దతో ఆ పాదాల చుట్టూ నెమ్మదిగా గీసింది. "బ్యాటరీ అయిపోవచ్చింది. ఇదంతా కంప్యూటర్లోకి ఎక్కించుకొస్తా," అని ఆ మూల రేకుల గదిలోకి వెళ్లిపోయింది. దీనికి తెలుసు, అందుకే చూసీ చూడనట్టు పోయింది అనుకుంది అక్క. ఈ ఇంట్లో అందరికీ ఏదో ఒకటి తెలుసు, తనకి తప్ప.

బాబాయి గోడౌను వెనక కుళాయి దగ్గర కాళ్లు కడుక్కుంటున్నాడు. అంటిన సుద్ద ఎప్పుడో పోయింది, ఆయన ఇంకా రుద్దుతూనే ఉన్నాడు. అక్క వెళ్లి కుళాయి కట్టేసింది.

"కాలెందుకు ఎత్తావు బాబాయ్?"

"ఏ కాలు?"

"నాకు అబద్ధం చెప్పకు. నువ్వు చెప్తే నాకు తెలిసిపోతుంది, నీకు అలవాటు లేని పని అది."

"ముసలాణ్ని. తడబడ్డాను."

"తడబడితే తల వంచుతారా?"

బాబాయి తువ్వాలుతో మొహం తుడుచుకున్నాడు. తుడుచుకోవడం అవసరానికి మించి సాగింది. "సీసంతాత చెప్పుంటాడులే ఎప్పుడో, మెట్టుందని," అన్నాడు తువ్వాలు లోపల్నుంచి.

"చెవికి చెప్తే కాలికెక్కుతుందా? నన్ను కుట్టు నేర్చుకోమన్నప్పుడు ఏమన్నావు నువ్వు? వంద పుస్తకాలు కుడితేగాని చేతికి రాదు, విన్నది చేతికి రాదు అన్నావు. ఇప్పుడు నీ కాలికి విన్నది వచ్చేసిందా?"

ఆయన తేలు కుట్టిన దొంగలా తువ్వాలు మడత పెట్టుకుంటూ నిలబడ్డాడు. ఇన్నేళ్లూ ఈయన చెయ్యి పట్టుకునే రోడ్డు దాటింది. ఈయన ముందు కూర్చునే ఏడ్చింది. ఆ మనిషి మీద ఇలాంటి మాట అనడానికి నోరెలా వస్తుంది? వచ్చింది. అనుమానం కడుపులో పడ్డాక నోటికి మర్యాద ఉండదు.

"ఆ రోజు నువ్వు అక్కడున్నావు," అంది. "మర్నాడు కాదు, ఆ రోజే. నాన్నతో నీకు పడదు. నాన్నని నువ్వే ఏదో చేశావు. అది బయటపడుతుందనే నన్ను గీతల్లోకి రానివ్వొద్దని దానికి చెప్పావు. నేను తలుపు వెనకే ఉన్నా, విన్నా."

బాబాయి కుళాయి గట్టు మీద కూలబడ్డాడు. ఆమె వైపు చూసిన చూపులో కోపం లేదు. కోపం ఉంటే బాగుండుననిపించింది అక్కకి.

"ఆ రోజే వచ్చాను," అన్నాడు. "అన్నయ్యతో రాజీ పడదామని. గొడవపడి పోయాక కూడా రెండుసార్లు వచ్చాను, ఎవరికీ చెప్పకుండా. ఆ కొత్త గదిలోనే కూర్చుని మాట్లాడుకునేవాళ్లం. మెట్టు దగ్గర మొదటిసారి బొప్పి కట్టింది నాకు. మీ నాన్న పడీ పడీ నవ్వాడు." తువ్వాలు విప్పి మళ్లీ మడిచాడు. "మూడోసారి వచ్చేసరికి గుమ్మం కింద నుంచి పొగ. జనం ఎవరూ ఇంకా రాలేదు. లోపల్నుంచి తలుపు కొడుతున్న చప్పుడు."

"మరి నాన్న తలుపు తీసుకుని..."

"తీసుకోలేడమ్మా. గడియ బయట పెట్టుంది."

పక్క సందులో ఎవరో సైకిలు బెల్లు కొట్టుకుంటూ పోయారు.

"నేను తీసేసరికి చప్పుడు ఆగిపోయింది. అచ్చాఫీసు వెనక గుమ్మం దాకా పాక్కుంటూ వచ్చి అక్కడ పడిపోయాడని అందరూ అనుకున్నారు చూడు, పాకలేదు. నేనే ఈడ్చుకొచ్చాను. అప్పటికే అయిపోయింది. జనం వస్తున్న అడుగులు వినపడ్డాయి. నేను సందులోంచి వెళ్లిపోయాను."

"ఎందుకు వెళ్లిపోయావు? గడియ బయట పెట్టుందని చెప్పొచ్చు కదా? ఇన్నేళ్లూ తాగుబోతుని అన్నట్టు సిగరెట్టు మనిషి, సిగరెట్టు మనిషి అని అందరి చేతా అనిపించావు కదా నాన్నని?"

"చెప్తే అడగరా, ఎవరు పెట్టారని?"

"అడగనీ. ఎవరు పెట్టారు?"

బాబాయి ఆమె మొహం వైపు చూడలేదు. ఆమె కుడిచేతి వైపు చూశాడు. చూసి, చూడకూడనిది చూసినట్టు చటుక్కున తల తిప్పేసుకున్నాడు. ఆ తిప్పుకోవడం లేకపోతే అక్కకి తెలిసేదే కాదు.

పన్నెండేళ్లప్పుడు, బడి నుంచి నేరుగా అచ్చాఫీసుకి. కౌంటరు మీద లెక్కలు చేసుకోవడం. ఇంటికి బయల్దేరే ముందు కాగితాల గది గడియ పెట్టడం. ఎలుకలు దూరితే రీము రీమంతా కొట్టేస్తాయి, గడియ నీ పని సుమా అనేవాడు నాన్న. రోజూ ఆ పని ఆమెదే. ఎలా మర్చిపోయింది? మర్చిపోలేదు, ఎవరూ అడగలేదు. అడిగినా ఆ ఒక్కరోజుకి జ్వరం అడ్డముంది. నూటమూడు.

"నాకు జ్వరం కదా ఆ రోజు," అంది అక్క.

"అవునమ్మా, జ్వరమే," అన్నాడు బాబాయి, మరీ తొందరగా. "మీ అమ్మ చెప్పింది కదా. జ్వరమే."

ఈయన నమ్మడం లేదు. ఇరవై రెండేళ్లుగా నమ్మకుండా, నమ్ముతున్నట్టు నటిస్తూ తనని పెంచాడు. తన కోసం అన్న మీద పడ్డ నిందని అలాగే ఉండనిచ్చాడు. ఇందాక తను ఆయన్ని అన్న మాటలు అక్క నోట్లో చేదుగా తిరిగాయి. క్షమించమని అడగాలి. అడగడానికి ముందు ఒకటి తేలాలి.

ఆమె లోపలికి నడిచింది. చెల్లెలు రేకుల గది గుమ్మంలో నిలబడి ఉంది, మెడలో కెమెరాతో.

"పెట్టవే నీ కెమెరా."

"బాబాయికి మాటిచ్చానక్కా."

"మాటిచ్చేటప్పుడు ఎందుకని అడగలేదేం? నీకు ముందే తెలుసా?"

"తెలీదు. అడిగితే చెప్తాడని భయమేసింది," అంది చెల్లెలు. మొదటిసారి ఆమె మొహం ఐదేళ్ల పిల్ల మొహంలా ఉంది. "తెలిశాక నిన్ను అడగలేను. నువ్వు నడవకపోతే ఈ సినిమాకి అర్థం లేదు, నడిస్తే ఏమవుతుందో నాకు తెలీదు."

"నాకూ తెలీదు. పడుకో నేల మీద."

అక్క చెప్పులు విడిచింది. నేల కాలుతోంది. కళ్లు మూసుకుంది. వెనక కుళాయి దగ్గర నుంచి బాబాయి "వద్దమ్మా, పెద్దదానా" అంటున్నాడు. కానీ రాలేదు.

మొదటి నాలుగడుగులు సిగ్గుగా ఉన్నాయి. తర్వాత కౌంటరు వచ్చింది. ఎవరూ చెప్పకుండానే ఎడమచెయ్యి భుజానికి వెళ్లింది, బడిసంచి పట్టీ కోసం. మిషను పక్కన వెళ్తుంటే నడక చిన్నదైంది, పన్నెండేళ్ల అడుగులు. సిరా వాసన లేదు, ఉందనిపించింది. అక్షరాల అరలు దాటింది. ఎక్కడ తిరగాలో అక్కడ తిరిగింది. ఆగింది.

మెట్టెక్కలేదు. గదిలోకి వెళ్లడం ఆమె పని కాదు. మడమలు వాటంతట అవే లేచాయి. ముప్పై నాలుగేళ్ల ఆడమనిషి మునివేళ్ల మీద నిలబడింది, తలుపు పైనున్న గడియ అందుకోవడానికి. కుడిచెయ్యి పైకి వెళ్లింది. ఏదో ఒక రోజు పని గుర్తొచ్చినట్టు కాదు, జ్వరంతో ఇంట్లో పడుకుందన్న ఆ సాయంత్రమే చేస్తున్నట్టు. ఆమెకి ఏడుపు తన్నుకొచ్చింది. నేనే. నేనే పెట్టాను.

కానీ చెయ్యి మధ్యలో ఆగింది.

రోజూ ఆగేది. గడియ పెట్టే ముందు 'నాన్నా, లోపలున్నావా' అని అడగాలి. నాన్న నేర్పిన పద్ధతి. జవాబు రాకపోతేనే పెట్టాలి. ఆ రోజూ అడిగింది. మిషను చప్పుడులో జవాబు వినపడలేదు. ఇంకోసారి అడగబోతుంటే, ఇప్పుడు ఆమె తల ఎటు తిరిగిందో అప్పుడూ అటే తిరిగింది. ఎడంపక్కకి. అక్కడి నుంచి ఎవరో మెల్లిగా, రోజూ మాట్లాడే మామూలు గొంతుతోనే చెప్పారు. "లోపల ఎవరూ లేర్లే. గడియ పెట్టేసి ఇంటికి పద."

అక్క కళ్లు తెరిచింది.

కెమెరా వెనక చెల్లెలు కదల్లేదు. వెనక గుమ్మంలో బాబాయి నిలబడ్డాడు, తువ్వాలు చేతిలో అలాగే ఉంది. ఎడంపక్క మనుషులెవరూ లేరు. నేల మీద, రెండడుగుల దూరంలో, తొమ్మిది రోజుల కింద గీసిన పసుపు పాదాలు రెండున్నాయి. ఎడమకాలి చిటికెనవేలు పక్కవేలి మీదకి ఎక్కి ఉంది. జ్వరమొచ్చిన పిల్ల పక్కన కూర్చుని ఆ సాయంత్రం ఇల్లు కదల్లేదని ఇరవై రెండేళ్లుగా చెబుతున్న మనిషి పాదాలు, కాగితాల గది గుమ్మం వైపే తిరిగి ఉన్నాయి.